మైపాడు డేరాలో అమెరికా చేపలామె

మా అన్నకు టూరింగ్ టాకీసు ఉండేది. ఒక ఊళ్ళో డేరా వేసి, కొన్ని నెలలు సినిమాలు ఆడించి, లైసెన్సు గడువు తీరగానే అంతా విప్పుకుని ఇంకో ఊరికి పోయే సినిమా హాలు అది. అరవైల మొదట్లో ఒక ఏడు ఆ డేరాను మైపాడులో, సముద్రం హోరు వినపడేంత దగ్గరలో, ఇసుక మీద వేశాడు. అప్పుడు నాకు ఇరవై మూడేళ్ళు. పెళ్ళయిన రెండో ఏడే నా భర్త టైఫాయిడ్‌తో పోయాడు. అత్తవారింట్లో నన్ను ఎవరూ పొమ్మనలేదు. కానీ నాకు అక్కడ పనేమీ లేదు. పని లేకుండా కూర్చోవడం నాకు చేతకాదు. అందుకని అన్న దగ్గరికి వచ్చేశాను.

డేరాలో నా పని కథ చెప్పడం. నెల్లూరు వ్యాపారుల దగ్గర అరవ సినిమాలు తక్కువ బాడుగకు దొరికేవి. మా అమ్మ పుట్టిల్లు తడ దగ్గర కాబట్టి నాకు అరవం తెలుగంత బాగా వచ్చు. తెర పక్కన, ఆడవాళ్ళు కూర్చునే వైపు, ఒక స్టూలు మీద మైకు పెట్టేవాళ్ళు. మాటలు నడుస్తుంటే ఆపరేటరు సౌండు తగ్గించేవాడు, నేను ఆ మాటల్ని తెలుగులో చెప్పేదాన్ని. పాట వస్తే సౌండు పెంచేవాడు, నేను ఊరుకునేదాన్ని. అంతకు ముందు ఈ పని ఒకాయన చేసేవాడు. ఆయన వేరే ఉద్యోగం దొరికి గూడూరు వెళ్ళిపోతే, రెండు రోజులకని నేను కూర్చున్నాను. మూడో రోజుకి ఆడవాళ్ళ వైపు చోటు చాలక తడిక జరపాల్సి వచ్చింది. అన్న ఇంకెవరినీ వెతకలేదు.

నేను బాగా చెప్పేదాన్ని. ఈ మాట చెప్పుకోవడానికి నాకు సిగ్గు లేదు. నా గొంతు గట్టిది, జ్ఞాపకం గట్టిది, ఎక్కడ ఆగాలో తెలుసు. కాకపోతే మైకు ముందు కూర్చోగానే నా నోట పుస్తకాల తెలుగు వచ్చేది. “నాయకుడు మిక్కిలి దుఃఖించుచున్నాడు, తల్లి అతనిని ఓదార్చుచున్నది” అనే ధోరణి. ఇంట్లో నేనెప్పుడూ అట్లా మాట్లాడలేదు. మైకులో అట్లా మాట్లాడమని నాకెవరూ చెప్పలేదు కూడా. మైకంటే అట్లాగే ఉండాలని నేనే అనుకున్నాను.

ఒక శుక్రవారం నెల్లూరు బస్సు మీద ఫిల్ము పెట్టెలు దిగాయి. ఒక అరవ హాస్య చిత్రం రావాలి. మా ఆపరేటరు నెల్లూరు సాయిబు, పెద్ద వయసు మనిషి, ఎప్పుడూ కంగారుపడడు. సాయంత్రం ఐదింటికి మొదటి రీలు తీసి వెలుతురుకు పట్టి చూశాడు. మళ్ళీ చూశాడు. తర్వాత మా అన్నను పిలిచాడు.

“అయ్యా, ఇది మన బొమ్మ కాదు.”

“మన బొమ్మ గాకపోతే ఎవురి బొమ్మ? పెట్టె మీద పేరుంది గదా.”

“పెట్టె మనదే. లోపలున్నది వేరే.”

అన్న పెట్టెలన్నీ తెరిపించాడు. అన్నీ ఆ వేరే బొమ్మ రీళ్ళే. అప్పటికే జనం వచ్చేస్తున్నారు. చుట్టూ ఉన్న పాళేల నుంచి చేపలు పట్టే కుటుంబాలు చాపలు చంకన పెట్టుకుని, పిల్లల్ని ఎత్తుకుని వచ్చి, ఇసుకలో తమ తమ చోట్లు చూసుకుంటున్నాయి. నెల్లూరికి సాయంత్రం బస్సు అప్పటికే వెళ్ళిపోయింది, మళ్ళీ పొద్దున్నే. ఇంకో బొమ్మ తెప్పించే దారి లేదు.

“ఏదో ఒకటి ఆడాల్సిందే,” అన్నాడు అన్న. నా వైపు తిరిగి, “నువ్వు చెప్పాల,” అన్నాడు.

“ఏ బాస అది?”

“ఏదైతే ఏం? నీకు తెలిసిన బాసే అనుకో.”

కరెంటిచ్చే ఇంజను మొదలైంది, దీపాలు ఆరాయి, తెర మీద పేర్లు పడ్డాయి. అట్లాంటి అక్షరాలు నేనెప్పుడూ చూడలేదు. పెట్టెల్లాగా నలుచదరంగా, పైన గీత గీసినట్టు ఉన్నాయి. ఆపరేటరు సాయిబు కిటికీలోంచి తల బయటపెట్టి, “ఉర్దూ లాగా కుడి నుంచి ఎడమకు రాసినట్టుందమ్మా, కానీ ఉర్దూ కాదు,” అని నాకు వినపడేట్టు చెప్పాడు. కింద చిన్నగా ఇంగ్లీషులో న్యూయార్క్ అని మాత్రం చదవగలిగాను. సరే, అమెరికా బొమ్మ అనుకున్నాను. నాలుగు ఇంగ్లీషు మాటలు వినపడితే కథ అల్లేయవచ్చు. కానీ మాటలు మొదలైతే అది ఇంగ్లీషు కూడా కాదు.

భయపడ్డానా అంటే, లేదు. ఒక నిమిషం చూశాను. ఇరుకైన వీధి, రెండు వైపులా పెద్ద మిద్దెలు, మిద్దెకీ మిద్దెకీ మధ్య తాళ్ళ మీద ఆరేసిన బట్టలు. వీధిలో తలకు గుడ్డ కట్టుకున్న లావుపాటి ఆడమనిషి ఒక పెద్ద చెక్క పీపా ముందు నిలబడి కేకలు వేస్తోంది. పీపాలోకి మోచేతి దాకా చెయ్యి పెట్టి, తోక పట్టుకుని ఒక చేపను పైకి లాగింది. ఉప్పులో ఊరిన చేప.

నేల మీద కూర్చున్న ఆడవాళ్ళంతా ఒక్కసారి “ఓ!” అన్నారు.

“చేపలే! అమెరికాలో గూడా చేపలమ్ముకుంటారా?”

“ఉప్పు చేప అది. సూడు, ఎట్ట పట్టుకోనుండాదో.”

అక్కడితో సగం పని అయిపోయింది. ఆ మనిషిని వాళ్ళు తమ మనిషిగా ఒప్పుకున్నారు. ఇక నేను మైకు దగ్గరికి లాక్కుని కథ మొదలుపెట్టాను. చేపలమ్ముకునే ఆమెకు ఒక కూతురు ఉంది, చొక్కాలు కుట్టే కార్ఖానాలో పనిచేస్తుంది. వాళ్ళింట్లో ఒక గది బాడుగకు తీసుకున్న కుర్రవాడు ఫిడేలు వాయిస్తాడు. కూతురికి అతనంటే ఇష్టం. ఇదంతా కళ్ళతో చూస్తేనే తెలిసిపోతుంది. గొడుగు, చిన్న పుస్తకం పట్టుకుని ఇంటికి వచ్చి పోతుండే గడ్డపాయన దగ్గర మాత్రం చిక్కుపడ్డాను. అతనెవరు? చేపలామెకు భర్త కనిపించడం లేదు. అందుకని, “ఈ గడ్డము మనుష్యుడు పది సంవత్సరముల క్రిందట ఇల్లు విడిచి వెళ్ళిన ఆమె భర్త. మారువేషమున వచ్చినాడు,” అని చెప్పేశాను. జనానికి బ్రహ్మాండంగా నచ్చింది. అతను వచ్చినప్పుడల్లా, “వొచ్చినాడు, దొంగ మొగుడు వొచ్చినాడు,” అని అరిచారు.

మాకు ఒకటే ప్రొజెక్టరు. ఒక రీలు అయ్యాక ఇంకోటి ఎక్కించే దాకా ఖాళీ ఉండేది. ఆ ఖాళీలో తరువాత ఏం జరుగుతుందో ఊహించుకునేదాన్ని. చివరి రీలుకి ముందు కూడా ఊహించుకున్నాను, కానీ పెళ్ళి నేను ఊహించినట్టు జరగలేదు. నాలుగు కర్రల మీద గుడ్డ ఎత్తి పట్టుకున్నారు, దాని కింద కూతురు, ఫిడేలు కుర్రవాడు. అంతా బాగానే ఉందనుకునేంతలో అతను కాలి కింద ఒక గాజు గ్లాసు పెట్టి ఫటాలున తొక్కి పగలగొట్టాడు.

శుభకార్యంలో గాజు పగిలింది.

“అయ్యో, అపశకునము జరిగినది. వివాహము చెడిపోయినది,” అన్నాను.

మరుక్షణం తెర మీద అందరూ చేతులు పైకెత్తి కేరింతలు కొడుతూ గెంతడం మొదలుపెట్టారు. ముందు వరసలో ఉన్న ఒక ముసలామె లేచి నిలబడింది.

“చెడిపోతే ఈ ఎగరడమేందమ్మే?”

నేను వెనక్కి తగ్గలేదు. “ఎవరికీ ఇష్టము లేని వివాహము. అందుకే సంతోషించుచున్నారు,” అన్నాను. నవ్వులు. ఆ నవ్వులు ఆగకముందే అదే గుడ్డ కిందికి చేపలామె వచ్చి నిలబడింది, పక్కన కుర్చీలూ బల్లలూ అమ్మే షావుకారు. ఆమెకూ పెళ్ళి. మారువేషంలో ఉన్న భర్తేమో పక్కనే నిలబడి చప్పట్లు కొడుతున్నాడు.

“మొగుడు పక్కనే ఉండంగా ఇంకో పెళ్ళేందమ్మే?” అదే ముసలామె.

“ఆయన మొగుడు కాదంట,” అన్నాను, తొందరలో నా ఇంటి మాటే వచ్చేసింది. “మొగుడి తమ్ముడంట. నాకూ ఇప్పుడే తెలిసింది.”

ఆ రోజు జనం నవ్వుకుంటూ ఇళ్ళకు పోయారు. మా అన్న పెట్టెలు తిప్పి పంపే మాట ఎత్తలేదు.

మరునాడు శనివారం. నెల్లూరులో ఒక దొరసాని డాక్టరు ఉండేది. రెండో ప్రపంచ యుద్ధానికి ముందు యూరప్ నుంచి ఓడెక్కి వచ్చి ఇక్కడే ఉండిపోయిన మనిషి. సొంతంగా చిన్న ఆసుపత్రి పెట్టుకుంది. శనివారం బస్సులో మైపాడు వచ్చి, ఒక పెంకుటింటి అరుగు మీద కూర్చుని ఆడవాళ్ళనూ పిల్లలనూ చూసి, సాయంత్రం బస్సుకు వెళ్ళేది. అందరూ డాక్టరమ్మ అనేవాళ్ళు. అప్పటికి ఆమెకు యాభై దాటాయి. నెల్లూరు తెలుగు ధారాళంగా మాట్లాడేది, కాకపోతే టకారాలూ తకారాలూ ఒకటే చేసేది.

ఆ రోజు ఒక చంటిపిల్లకు మందు పోస్తుంటే, పక్కన నిలబడ్డ దాని అక్క, ఆరేళ్ళ పిల్ల, ముందు రోజు సినిమాలో విన్న పాటను కూనిరాగం తీసిందట. మాటలు రావు కాబట్టి చెవిన పడ్డ చప్పుళ్ళనే పాడింది. డాక్టరమ్మ చెంచా పట్టుకున్న చెయ్యి అట్లాగే ఆగిపోయిందని ఆ పిల్లల తల్లి తర్వాత నాతో చెప్పింది.

“ఈ పాట యాడ నేర్చుకున్నావు?” అని అడిగిందట.

“సినిమాలో. అమెరికా చేపలామె పాడింది.”

నాలుగింటికి డాక్టరమ్మ మా డేరాకు వచ్చింది. బొమ్మ ఎక్కడి నుంచి వచ్చిందని నన్ను అడిగింది. పెట్టెలు తారుమారైన సంగతి చెప్పాను. ఆమె సాయంత్రం బస్సు ఎక్కలేదు. కుర్చీ వేయిస్తామంటే వద్దని, నేల టిక్కెట్టు కొనుక్కుని ఆడవాళ్ళ మధ్య ఇసుకలో కూర్చుంది.

నేను ఆ రోజు ఇంకా ధీమాగా ఉన్నాను. మొగుడి తమ్ముణ్ణి మొదటి నుంచే మొగుడి తమ్ముడిగా సర్దుకున్నాను. కథ సాఫీగా నడుస్తోంది. కానీ మొదటి రీలులోనే ఒక సంగతి గమనించాను. నేను చెప్పక ముందే ఎవరో నవ్వుతున్నారు. తెర మీద మాట పూర్తవగానే, నా తెలుగు కోసం ఆగకుండా, ఒకే ఒక్క గొంతు పకపకా నవ్వుతోంది. వెతికితే డాక్టరమ్మ. ఆమెకు ఆ భాష వచ్చు. నేను చెప్పేదంతా అబద్ధమని తెలిసిన మనిషి ఒకరు నా ఎదురుగా కూర్చుని ఉంది. నిజం చెప్పాలంటే ఒళ్ళు మండింది. అయినా గొంతు తగ్గించకుండా చివరిదాకా చెప్పాను.

ఆట అయ్యాక ఆమే నా దగ్గరికి వచ్చింది.

“బాగా చెప్పినావు. మంచి కథ,” అంది. “ఆ సినిమాలో లేదు, అంతే.”

“అయితే ఉన్న కథ మీరు చెప్పండి,” అన్నాను.

“రేపు పొద్దున రా.”

ఆ రోజు ఆమె అరుగు ఉన్న ఇంట్లోనే పడుకుంది. నేను తెల్లవారగానే ఒక నోటుబుక్కు, పెన్సిలు తీసుకుని వెళ్ళాను. ఇంటావిడ మా ఇద్దరికీ కాఫీ ఇచ్చింది. నా మొదటి ప్రశ్న ఏ భాష అని.

“యిద్దిష్. యూదుల బాస. మా అవ్వ మాట్లాడేది.”

“మీది గాదా?”

“మాదే. కానీ మా నాయన ఇంట్లో మాట్లాడనిచ్చేవాడు కాదు. ఆయన లాయరు. చదువుకున్నోళ్ళు జర్మన్ మాట్లాడాలనేవాడు. ఇది సంత బాస అనేవాడు. నేను వంటింట్లో అవ్వ దగ్గర నేర్చుకున్నా, ఆయన ఇంట్లో లేనప్పుడు.”

ఆ బొమ్మ గురించి ఆమెకూ ఎక్కువ తెలియదు. మన దేశానికి ఎట్లా వచ్చిందో అసలు తెలియదు. యుద్ధ కాలంలో అమెరికా సిపాయిల వెంట వచ్చి మద్రాసులో మిగిలిపోయి ఉండవచ్చు అంది, అదీ ఊహే. బతుకుతెరువుకు న్యూయార్క్ చేరిన యూదులు అక్కడ తమ భాషలో పాటలతో, హాస్యంతో నాటకాలు వేసుకునేవాళ్ళట. టాకీలు వచ్చాక ఆ నాటకాల వాళ్ళే ఇట్లాంటి బొమ్మలు తీశారట, తమ వాళ్ళు చూసుకోవడానికి.

“చేతిలో డబ్బేమీ లేకుండా తీసినారు,” అంది. “తలుపు వేసినప్పుడు గోడ ఊగింది, చూసినావా? గుడ్డ మీద బొమ్మ వేసిన గోడ అది.”

నేను చూడలేదు. ఆ రోజు సాయంత్రం చూశాను, నిజంగానే ఊగింది.

తర్వాత రీలు రీలూ చెప్పుకొచ్చింది. గొడుగు, పుస్తకం ఉన్న గడ్డపాయన పెళ్ళిళ్ళ పేరయ్య. కూతురికి ఫర్నిచరు షావుకారు సంబంధం తెస్తాడు. షావుకారు పిల్లను చూడటానికి వచ్చి, తల్లి పెట్టిన చేపలు తిని, తల్లినే ఇష్టపడతాడు. గ్లాసు పగలగొట్టడం వాళ్ళ పెళ్ళిలో ఆచారం, మనం జీలకర్ర బెల్లం పెట్టినట్టు. నేను రాసుకుంటూ పోయాను.

“మరి చేపలామె మొగుడు?” అన్నాను.

“చచ్చిపోయినాడు. మొదటి రీల్లోనే గోడ మీద పటం చూపించి చెప్తుంది గదా.” ఆమె కాఫీ గ్లాసు కింద పెట్టి నన్ను చూసింది. “నువ్వెందుకు మొగుణ్ణి బతికించినావు?”

“జనం ఒప్పుకోరని.”

“జనమా, నువ్వా?”

నా సంగతి ఆమెకు తెలుసు. మైపాడులో అందరికీ తెలుసు. కోపం వచ్చింది, కానీ అబద్ధం ఆడబుద్ధి కాలేదు.

“నేనే,” అన్నాను.

ఆమె దాన్ని అక్కడే వదిలేసింది. ఇంకో సంగతి మాత్రం వదలలేదు. “నువ్వు మైకులో పుస్తకం తెలుగు మాట్లాడతావు. ఆ చేపలామె పుస్తకం బాసలో మాట్లాడ్డం లేదు. ఈ ఊళ్ళో ఆడోళ్ళు గంప నెత్తిన పెట్టుకోని ఎట్ట మాట్లాడతారో అట్ట మాట్లాడతా ఉంది. నవ్వంతా దాంట్లోనే ఉంది. నువ్వు దాన్ని కలెక్టరు పెళ్ళాన్ని చేసేసినావు.”

ఇంటికి పోయి అన్నతో రెండు మాటలూ చెప్పాను. ఈ రోజు అసలు కథ చెబుతాను, అదీ మన మాటల్లో చెబుతాను అని.

“మైకులో అట్ట మాట్లాడితే మర్యాద పోతుంది,” అన్నాడు. మళ్ళీ, “ఆ రెండో పెళ్ళి సంగతి నువ్వు చెప్తే, నీ మనసులో మాట చెప్తావుండావనుకుంటారు,” అన్నాడు.

“అనుకోనీ.”

అన్న నా మొహంలోకి చూశాడు. వెళ్ళి ఇంజనులో నూనె పోసుకున్నాడు.

ఆదివారం డేరా నిండిపోయింది. డాక్టరమ్మ మళ్ళీ బస్సు ఎక్కలేదు, ఈసారి నా స్టూలు పక్కన ఇసుకలో కూర్చుంది. తెర మీద పీపా కనపడగానే మైకు దగ్గరికి జరిగాను. కాస్త జంకానని ఒప్పుకుంటాను. మొదటి మాట దాకానే.

“ఇదిగో, ఈమె చేపలమ్ముకుంటుంది. మొగుడు జచ్చి ఎనిమిదేళ్ళయింది. ఒక్కతే కూతుర్ని సాకుతా ఉండాది. నోరు పెద్దది. ఆ టోపీ ఆయన చేపను ముక్కు దగ్గర పెట్టుకోని వాసన జూస్తా ఉంటే ఏమంటా ఉండాదో తెలుసా? ‘ఏందయ్యా, చేపను కొంటావా, కోడల్ని చేసుకుంటావా, అంతసేపు జూస్తావుండావు?’ అంటా ఉండాది.”

మైకులోంచి తమ మాట తమకు వినపడటం వాళ్ళకు అదే మొదలు. డేరాలో లేచిన నవ్వుకు తడికలు అదిరాయి. ముందు వరస ముసలామె మళ్ళీ లేచింది.

“అట్ట చెప్పమ్మే! ఇన్నాళ్ళూ యాడ దాచిపెట్టినావు ఈ నోరు?”

ఇక నన్ను ఎవరూ ఆపలేకపోయారు. డాక్టరమ్మ పక్క నుంచి నా చెవిలో ఒక్కో మాట అందించేది, నేను దాన్ని పట్టుకుని మా మాటల్లో పెట్టేదాన్ని. కొన్ని చోట్ల నా మాట ఆమెకే నచ్చి తొడ మీద చరుచుకుని నవ్వింది.

పెళ్ళికి ముందు తల్లి కూతురి జుట్టు దువ్వుతూ ఒక పాట పాడుతుంది. పాటలకు నేను ఎప్పుడూ అర్థం చెప్పేదాన్ని కాదు. ఆ పాటకు మాత్రం మీరు చెప్పండని మైకు ఆమె చేతికి ఇచ్చాను. ఆమె రెండు వరసలు చెప్పింది. “నీ జడ ఇన్నాళ్ళూ నేనేసినా. రేపట్నుంచి నువ్వే ఏసుకోవాల.” మూడో వరసకు ఆగింది. నేను ఎదురుచూశాను. ఆమె మైకు తిరిగి నా ఒళ్ళో పెట్టేసింది.

“ఇంక చెప్పాల్సిన పని లేదు,” అంది మామూలు గొంతుతోనే. “చూడు వాళ్ళని.”

చూశాను. నేల మీది ఆడవాళ్ళు కొంగులు కళ్ళకు ఒత్తుకుంటున్నారు.

చివరి రీలులో గ్లాసు పగిలింది. “అది వాళ్ళ ఆచారం, భయపడబాకండి,” అన్నాను. తర్వాత చేపలామె గుడ్డ కిందికి వచ్చింది. నేను గొంతు సవరించుకోలేదు, తగ్గించలేదు. “ఈమె పెళ్ళి చేసుకుంటా ఉండాది. రెండో పెళ్ళి. ఆమెకిష్టమే, ఆయనకూ ఇష్టమే. కూతురికి గూడా సంతోషమే.”

“చేసుకోనీ,” అంది ఎవరో వెనక నుంచి. “మారుమనువు మాలో లేదా ఏంది? రెండు రోజులుగా మొగుడని, మరిదని, ఏందేందో చెప్పింది ఈమె.”

ఆ రోజు తెర మీది వాళ్ళతో పాటు డేరాలో వాళ్ళూ చప్పట్లు కొట్టారు. టిక్కెట్ల బల్ల దగ్గర మా అన్న తల వంచుకుని కూర్చున్నాడు. నేను చూస్తున్నానని తెలిసి బల్ల తుడవడం మొదలుపెట్టాడు.

డాక్టరమ్మ ఆ పూట మా ఇంట్లో భోజనం చేసింది. మా వదిన మామిడికాయ వేసి చేపల పులుసు పెట్టింది. తింటూ తింటూ, అడగకుండానే చెప్పింది. “మా ఊళ్ళో ఈ బాస మాట్లాడేవాళ్ళు ఎవరూ మిగల్లేదు. యుద్ధంలో చంపేసినారు. మా అవ్వని, అందర్నీ.” మాకు అప్పటికి ఆ సంగతులేమీ తెలియవు. మా వదిన ఇంకో గరిటె పులుసు వేసింది. ఆమె వద్దనలేదు.

ఆ బొమ్మ మైపాడులో వారం పైనే ఆడింది. పాళేల ఆడవాళ్ళు రెండుసార్లు, మూడుసార్లు వచ్చారు. డాక్టరమ్మ నెల్లూరు వెళ్ళి మళ్ళీ రెండు సాయంత్రాలు వచ్చింది.

లైసెన్సు గడువు తీరి డేరా నాయుడుపేటకు మార్చాం. అన్న అక్కడా మొదట ఇదే బొమ్మ వేశాడు. నేను కూడా ఇదే వేయమన్నాను. తప్పు నాదే. అక్కడికి వచ్చేది చుట్టుపక్కల వరి పండించే ఊళ్ళవాళ్ళు. కత్తియుద్ధం లేదు, దేవుడు లేడు, గుర్రం లేదు, ఎంతసేపూ చేపలేనా అని మూడో రీలుకే బెంచీలు ఖాళీ అయ్యాయి. రెండో రోజు సగం డేరా కూడా నిండలేదు. ఒక పెద్దరైతు అన్న దగ్గరికి వచ్చి, “ఆడమనిషి మైకులో ఆ మాటలేందయ్యా, ఇంట్లో మాట్లాడుకున్నట్టు?” అని నిలదీశాడు.

నేను పక్కనే ఉన్నాను. అన్న ఏమంటాడోనని చూశాను.

“అది అమెరికా కథండీ,” అన్నాడు అన్న, వినయంగా. “వాళ్ళు అట్టనే మాట్లాడతారు. మా చెల్లెలు ఉన్నదున్నట్టు చెప్పింది.”

మూడో రోజు బొమ్మ తీసేశాం. తర్వాత వచ్చిన అరవ సినిమాకు కూడా నేను మన మాటల్లోనే చెప్పాను. కొందరు సణిగారు, చాలామంది వచ్చారు. అన్న మళ్ళీ మర్యాద మాట ఎత్తలేదు.

రీళ్ళు తిప్పి పంపే ముందు నెల్లూరు వెళ్ళి డాక్టరమ్మను అడిగాను, బొమ్మ పంపిన వ్యాపారులతో మాట్లాడి ఆ బొమ్మ మీకు ఇప్పించమంటారా అని.

“ఏం జేసుకుంటా? నాలుగుసార్లు చూసినా. మా అవ్వ ఒక్కసారి గూడా చూళ్ళేదు,” అంది. వెంటనే మాట మార్చి, “నువ్వు ట్రైనింగ్‌కు అప్లికేషన్ పెట్టినావా?” అని అడిగింది.

పంతులమ్మ ట్రైనింగ్ సంగతి అది. అప్పటికి నెల నుంచి నన్ను పోరుతోంది. అరవ బొమ్మలన్నీ తెలుగులోకి డబ్బింగ్ అయిపోతున్నాయి, ఇంకో రెండేళ్ళకు నీతో పనుండదు అని ఆమె చెప్పింది నిజమే. నెల్లూరులో ట్రైనింగ్ అయ్యాక నాకు చిట్టమూరు బడిలో ఉద్యోగం వచ్చింది. పాఠాలు కూడా పిల్లల మాటల్లోనే చెప్పాను. ఇన్‌స్పెక్టరు ఒకసారి మందలించాడు. ఆయన వెళ్ళాక మళ్ళీ అట్లాగే చెప్పాను.

ఆ బడిలో లెక్కలు చెప్పే మేష్టారు రెండో ఏడు నన్ను పెళ్ళి చేసుకుంటానన్నాడు. ఆలోచించుకోవడానికి నాకు ఒక వారం పట్టింది, అదీ ఆయన గురించే, జనం గురించి కాదు. డేరా అప్పుడు మళ్ళీ నాయుడుపేటలో ఉంది, అన్నకు చెప్పడానికి అక్కడికి వెళ్ళాను. డేరా గుంజలకు తారు పూయిస్తున్నాడు.

“నీకిష్టమేనా?” అన్నాడు.

“ఇష్టమే.”

“ఆయనకు?”

“ఆయనే అడిగినాడు.”

“అయితే నన్నెందుకు అడగతావు?” అన్నాడు. అని, కూలివాళ్ళకు పని ఆపమని చెప్పి, నాతో పాటు భోజనానికి ఇంటికి వచ్చాడు.

నెల్లూరు రిజిస్ట్రారు ఆఫీసులో పెళ్ళయింది. సాక్షి సంతకాలు మా అన్న, డాక్టరమ్మ పెట్టారు. భర్త పోయినదానికి మళ్ళీ పెళ్ళేమిటని మా పెదనాన్నగారి ఇంటి వాళ్ళు రాలేదు. నాకు కొడుకు పుట్టాక మాత్రం ఒక రోజు బస్సు దిగి వచ్చి, పిల్లవాణ్ణి ఎత్తుకుని, ఏమీ జరగనట్టే కూర్చుని కాఫీ తాగారు. నేనూ ఏమీ జరగనట్టే ఇంకో గ్లాసు పోశాను.